ఇరవై ఎనిమిది పుస్తకాల తర్వాత వచ్చిన సొరచేప

తెలుగు పుస్తకంలో ప్రచురణ వివరాలు మొదటి పేజీల్లోనే కనిపిస్తాయి. జపాన్‌లో అవి పుస్తకం చివరి పేజీలో ఉంటాయి. ఏ తేదీన మొదటి ముద్రణ వచ్చిందో, ఆ తర్వాత ఎన్నిసార్లు మళ్ళీ అచ్చయిందో అక్కడ వరుసగా రాస్తారు. పుస్తకాల షాపువాళ్ళు, ఎడిటర్లు ఒక రచయిత పరిస్థితి తెలుసుకోవాలంటే ముందు ఆ పేజీయే తిప్పి చూస్తారు. జపాన్ క్రైమ్ నవలల రచయిత ఒసావా అరిమాసా పుస్తకాల్లో ఆ పేజీ ఏళ్ళ తరబడి ఒకేలా ఉంది. మొదటి ముద్రణ తేదీ ఒక్కటే ఉండేది, దాని కింద ఇంకేమీ ఉండేది కాదు. 1979లో తొలి కథ వచ్చింది మొదలు 1990 దాకా 28 పుస్తకాలు వచ్చాయి, ఒక్కటీ రెండో ముద్రణకు వెళ్ళలేదు. ప్రచురణ రంగంలో ఆయనకు ఒక పేరు పెట్టారు: 'శాశ్వత ప్రథమ ముద్రణ రచయిత'. ఆ మాటను తర్వాతి రోజుల్లో ఆయనే ఇంటర్వ్యూల్లో చాలాసార్లు చెప్పుకున్నాడు.

1990 సెప్టెంబర్‌లో 'షింజుకు జమే' వచ్చింది. టోక్యోలోని షింజుకు పోలీస్ స్టేషన్‌లో పనిచేసే ఒక ఇన్‌స్పెక్టర్ కథ అది. కోబున్‌షా సంస్థ 'కప్పా నోవెల్స్' వరసలో చిన్న సైజు పుస్తకంగా వేసింది. రైల్లో వెళ్తూ చదువుకోవడానికి జనం కొనుక్కునే రకం. మరుసటి ఏడాది ఆ నవలకు జపాన్ మిస్టరీ రచయితల సంఘం అవార్డు, యోషికావా ఎయిజి నూతన రచయిత పురస్కారం రెండూ వచ్చాయి. ఆ వరసలో నాలుగో నవల 'ముగెన్ నింగ్యో'కు 1993 రెండో అర్ధభాగానికి నవోకి పురస్కారం దక్కింది. జపాన్‌లో జనాదరణ సాహిత్యానికి అంతకన్నా పెద్ద గుర్తింపు లేదు. అప్పటికి ఆయన వయసు 37.

కష్టపడినవాడికి ఎప్పటికైనా ఫలితం దక్కుతుందనే కథగా దీన్ని చెప్పడం తేలిక. కానీ అలా చెబితే అసలు విషయం జారిపోతుంది. ఆ 28 పుస్తకాల్లో ఒసావాకు చిక్కని ముడి ఒకటుంది, 1990లో అది విడిపోయింది. అదేమిటో తెలియాలంటే ఆయన ఎలాంటి కథల మీద మనసు పారేసుకున్నాడో చూడాలి.

ఒసావా 1956లో నగోయాలో పుట్టాడు. చిన్నప్పటి నుంచే అమెరికన్ హార్డ్‌బాయిల్డ్ డిటెక్టివ్ కథల పిచ్చి. ఊళ్ళో పెద్దవాళ్ళకీ పోలీసులకీ తలవంచకుండా, తన నియమం ప్రకారం తాను నడిచే ఒంటరి డిటెక్టివ్ అంటే ప్రాణం. మిడిల్ స్కూల్లో ఉండగానే ఇకుషిమా జిరో అనే రచయితకు ఉత్తరం రాశాడు. ఇకుషిమా అప్పటికే ఈ కథా పద్ధతిని జపాన్‌లో నిలబెట్టిన మనిషి, 1967లో నవోకి పురస్కారం అందుకున్నవాడు. ఆయన ఆ పిల్లవాడికి సుదీర్ఘమైన జవాబు రాశాడు. ఒసావా జీవితాంతం రాస్తూ ఉండిపోవడానికి ఆ ఉత్తరమే కారణమనిపిస్తుంది. టోక్యో వచ్చి కేయో యూనివర్సిటీలో లా చదువులో చేరి మధ్యలోనే వదిలేశాడు. 23 ఏళ్ళకే ఒక కథతో 'షోసెత్సు సుయిరి' పత్రిక నూతన రచయిత బహుమతి గెలిచాడు.

ఆ తొలి కథల్లో హీరో సకుమా కో. ఒక లా ఆఫీసు తరఫున, తప్పిపోయినవాళ్ళను వెతికే యువకుడు. టోక్యో రాత్రులు, బార్లు, సంగీతం, మాట తక్కువ మనిషి. చదవడానికి బాగానే ఉంటాయి. కానీ వాటిలో ఒక లోటు అడుగడుగునా తగులుతుంది. ఈ మనిషికి జపాన్‌లో నిలబడటానికి నేల లేదు.

అమెరికా కథల్లో ప్రైవేట్ డిటెక్టివ్‌కు లైసెన్స్ ఉంటుంది, తుపాకీ ఉంటుంది, పోలీసులతో గొడవపడే చోటు ఉంటుంది. జపాన్‌లో ప్రైవేట్ డిటెక్టివ్ అంటే ఎక్కువగా పెళ్ళి సంబంధాల ఎంక్వైరీలు, భార్యాభర్తల అనుమానాలు చూసిపెట్టే మనిషి. ఆ వృత్తికంటూ ఒక చట్టం 2007లో గానీ అమల్లోకి రాలేదు. అది కూడా అధికారులకు సమాచారం ఇచ్చి వ్యాపారం పెట్టుకోమన్న చట్టమేగానీ ఏ అధికారమూ ఇచ్చేది కాదు. ఇక తుపాకీ సంగతి సరేసరి. 1958 నాటి ఆయుధాల చట్టం ప్రకారం మామూలు పౌరుడి చేతిలో పిస్తోలు ఉండటమే పెద్ద నేరం. అలాంటి దేశంలో ఒంటరి డిటెక్టివ్ ముఠాలను ఎదిరించాడంటే పాఠకుడు సగం నమ్ముతాడు, సగం సినిమా చూస్తున్నట్టు చూస్తాడు.

గురువు ఇకుషిమాకు ఈ చిక్కు ముందే ఎదురైంది. నవోకి వచ్చిన ఆయన నవలలో హీరో మాజీ పోలీసు. తన తూటా పొరపాటున తోటి పోలీసుకు తగలడంతో ఉద్యోగం వదిలేసి, ఆ తర్వాత ముఠాను ఒంటరిగా వెంటాడతాడు. అంటే మనిషి ఒంటరి కావాలంటే ముందు పోలీసు శాఖ నుంచి బయటికి రావాలి. చాలాకాలం జపాన్ రచయితలంతా అలాగే అనుకున్నారు. శాఖ లోపల ఉన్నవాడు టీమ్ మనిషి, అందుకని పోలీసు కథ అంటే టీమ్ కథే. ఒంటరి కథ రాయాలంటే హీరో రాజీనామా చేయాల్సిందే.

'షింజుకు జమే'లో ఒసావా ఈ లెక్కను తిరగేశాడు. తన మనిషిని శాఖ లోపలే ఉంచి ఒంటరిని చేశాడు.

ఆ మనిషి పేరు సమెజిమా. జపాన్ పోలీసుల్లో చేరడానికి రెండు దారులున్నాయి. అందరూ వెళ్ళే దారిలో కింది మెట్టు నుంచి మొదలై, పరీక్షలు రాస్తూ ఒక్కో ర్యాంకూ ఎక్కాలి. రెండోది జాతీయ స్థాయి సివిల్ సర్వీస్ పరీక్ష పాసై వచ్చే దారి. వీళ్ళను 'క్యారియర్' అంటారు. మన ఐపీఎస్‌ను గుర్తు చేసుకుంటే సరిపోతుంది. రెండున్నర లక్షల పైచిలుకు పోలీసుల్లో వీళ్ళు కొన్ని వందల మందే. మామూలు పోలీసు చాలా ఏళ్ళకు అందుకునే ర్యాంకులో వీళ్ళ ఉద్యోగం మొదలవుతుంది. ముప్ఫై ఏళ్ళు దాటేసరికి పెద్ద కుర్చీలు, ఆ తర్వాత జిల్లాల అధిపతులు, రాజధానిలో విధాన నిర్ణయాలు. వీధిలో దొంగ వెంట పరుగెత్తడం వాళ్ళ పని కాదు.

సమెజిమా క్యారియర్ అధికారి. అయినా ముప్ఫై దాటాక కూడా ఇన్‌స్పెక్టర్‌గానే ఉండిపోయాడు. షింజుకు స్టేషన్ నేర నివారణ విభాగంలో, కింది ర్యాంకుల వాళ్ళు చేసే పని చేస్తుంటాడు. పోలీసు శాఖలో రహస్య భద్రతా విభాగం లోపల రెండు వర్గాల మధ్య జరిగిన గొడవలో అతని బ్యాచ్‌మేట్ ఒకడు చిక్కుకుని ఆత్మహత్య చేసుకున్నాడు. చనిపోయే ముందు సమెజిమాకు ఒక ఉత్తరం రాశాడు. ఆ ఉత్తరం బయటపడితే రెండు వర్గాలకూ ప్రమాదమే, రెండు వర్గాలకూ అది కావాలి. సమెజిమా ఎవరికీ ఇవ్వలేదు. ఉద్యోగంలోంచి తీసేద్దామంటే ఉత్తరం ఎక్కడ బయటపెడతాడోనని భయం. పైకి రానిద్దామంటే ఇష్టం లేదు. అందుకని తీసుకొచ్చి షింజుకు స్టేషన్‌లో పడేసి, ప్రమోషన్ ఆపేసి, మర్చిపోవాలని చూశారు.

ఒసావా ప్రతిభంతా ఈ ఒక్క ఏర్పాటులోనే కనిపిస్తుంది. కింది పోలీసులకు సమెజిమా పైవాడు, క్యారియర్‌లకు వెలివేసినవాడు. స్టేషన్‌లో అతనితో జతగా పనిచేయడానికి ఎవరూ ముందుకు రారు. జపాన్‌లో డిటెక్టివ్‌లు ఇద్దరిద్దరుగా తిరగడం ఆనవాయితీ, సాక్ష్యానికీ భద్రతకీ అది అవసరం కూడా. సమెజిమా మాత్రం ఒక్కడే తిరుగుతాడు. ఇది హీరోయిజం కోసం పెట్టిన ఒంటరితనం కాదు, ఒక శాఖ ఒక మనిషికి వేసిన శిక్ష. ఆ శిక్షనే అతను పనిముట్టుగా మార్చుకున్నాడు. ఎవరికీ చెప్పకుండా, ఏ చప్పుడూ లేకుండా వచ్చి పట్టుకుంటాడు కాబట్టే ముఠావాళ్ళు అతన్ని షింజుకు సొరచేప అంటారు.

ఆ పేరులో తెలుగువాళ్ళకు ఇష్టంగా అనిపించే ముచ్చట ఒకటుంది. జపాన్ భాషలో 'సమె' అంటే సొరచేప. సమెజిమా అనే ఇంటిపేరులో ఉన్నదీ అదే. కానీ 'షింజుకు' పక్కన చేరేసరికి 'సమె' కాస్తా 'జమె' అవుతుంది, సమాసంలో రెండో మాట మొదటి అక్షరం మెత్తబడుతుంది. తల్లి, తండ్రి కలిసి 'తల్లిదండ్రులు' అయినప్పుడు మన 'త' కూడా 'ద' అయింది కదా, గసడదవాదేశం చదువుకున్నవాళ్ళకు ఇది కొత్త కాదు. నవల పేరు వినగానే జపాన్ పాఠకుడికి ఊరూ మనిషీ ఒకే మాటలో అతుక్కున్నట్టు వినిపిస్తుంది.

ఊరు నిజంగానే అతుక్కుని ఉంటుంది. షింజుకు రైల్వే స్టేషన్‌లో రోజూ లక్షల మంది జనం ఎక్కి దిగుతారు. రైలు పట్టాలకు పడమట వైపు ఆకాశహర్మ్యాలు, పోలీస్ స్టేషన్. తూర్పు వైపు కబుకిచో. యుద్ధంలో కాలిపోయిన ఆ పేటలో కబుకి నాటకశాల కట్టాలని అనుకుని 1948లో ఆ పేరు పెట్టారు. నాటకశాల రాలేదు గానీ పేరు నిలిచింది. దాని బదులు సినిమా హాళ్ళు, బార్లు, క్లబ్బులు, వాటి వెనక ముఠాలు వచ్చాయి. ఎనిమిదో నవలలో ఒసావా ఇంకా వెనక్కి తవ్వుకుంటూ వెళ్తాడు. ఈ రోజు ఆకాశహర్మ్యాలు ఉన్న చోట 1965 దాకా నగరానికి తాగునీరు శుద్ధి చేసే యోదోబాషి ప్లాంటు ఉండేది. సమెజిమా కార్ల దొంగల ముఠా కోసం కాపలా కాస్తూ, ఆ నేల కింద పాతబడిపోయిన సంగతులు వింటాడు. మొత్తం వరసలో అన్నిటికన్నా నెమ్మదిగా నడిచే నవల అదే, మనసులో ఎక్కువకాలం నిలిచేదీ అదే.

ఇక యాక్షన్ సంగతి. పోలీసు యాక్షన్ కథ అనగానే కాల్పులు గుర్తొస్తాయి. జపాన్‌లో అదే పెద్ద ఇబ్బంది. డ్యూటీలో ఉన్న పోలీసు తుపాకీ తీసి పేల్చడం అక్కడ చాలా అరుదు, పేలిస్తే ఆ ఒక్క తూటా గురించి విచారణ, వార్తలు. మఫ్టీలో తిరిగే డిటెక్టివ్ దగ్గర చాలాసార్లు తుపాకీయే ఉండదు. సమెజిమా ఎక్కువగా వాడేది సాగదీస్తే పొడవయ్యే లాఠీ. చాలామంది రచయితలు ఈ ఇబ్బందిని పట్టించుకోకుండా నవలలో ధనాధన్ కాల్పులు పెట్టేశారు. ఒసావా ఆ అరుదుతనాన్నే కథకు ఇరుసుగా చేసుకున్నాడు. తుపాకీ అరుదైన చోట ఒక్క తుపాకీ కనిపించినా పాఠకుడికి గుండె ఝల్లుమంటుంది.

మొదటి నవలే అందుకు ఉదాహరణ. షింజుకులో పోలీసుల మీద ఒకరి తర్వాత ఒకరి మీద కాల్పులు జరుగుతుంటాయి. స్టేషన్ అంతా హంతకుడి వెంట పడుతుంది. సమెజిమా వేరే దారిలో వెళ్తాడు. అతనికి కావాల్సింది కిజు, తుపాకులు దొంగచాటుగా తయారు చేసే మనిషి, ఆ పనిలో మహా నేర్పరి. తుపాకీ దొరకని దేశంలో తుపాకీ చేయగలిగినవాడు పేల్చేవాడి కన్నా ప్రమాదకరమని సమెజిమా లెక్క. కిజును ఇంతకు ముందు పట్టుకున్నదీ అతనే, కిజుకు అతని మీద పగ ఉంది. వెతికినవాడే చివరికి కిజు వర్క్‌షాప్‌లో బందీ అవుతాడు. పక్కన జత పోలీసు లేడు, ఎక్కడికి వెళ్తున్నాడో ఎవరికీ చెప్పలేదు. ఒంటరిగా పనిచేయడానికి కట్టాల్సిన ధర ఏమిటో ఆ గదిలో తెలుస్తుంది.

అక్కడికి వచ్చే మనిషి మొమొయి. సమెజిమా పైఅధికారి, విభాగం హెడ్. కొడుకును యాక్సిడెంట్‌లో పోగొట్టుకున్నాక ఏ పనిలోనూ ఆసక్తి లేకుండా బల్ల ముందు కూర్చుని ఉండిపోయిన మనిషి. స్టేషన్‌లో అతన్ని 'మంజు' అంటారు. మంజు అంటే లోపల తీపి పెట్టి ఆవిరి మీద ఉడికించే బన్ను, కానీ పోలీసుల వాడుకలో శవం అని అర్థం. ఆ బతికున్న శవమే తుపాకీ పట్టుకుని వర్క్‌షాప్‌లోకి అడుగుపెట్టి సమెజిమాను కాపాడుతుంది. మొత్తం వరసలో మళ్ళీ మళ్ళీ చదవాలనిపించే ఘట్టం ఇదే. పేజీలకు పేజీలు పోరాటం లేదు. ఎప్పుడో చచ్చిపోయాడని అందరూ అనుకున్న మనిషి కుర్చీలోంచి లేవడమే ఇక్కడ యాక్షన్.

మిగతా మనుషులూ ఇద్దరే. తూటాలను చూసి తుపాకీ జాతకం చెప్పే యాబు, పైసంస్థలకు వెళ్ళగల ప్రతిభ ఉండీ స్టేషన్‌లోనే ఉండిపోయినవాడు. సమెజిమా ప్రేమించిన షో, రాక్ బ్యాండ్ గాయని. ఆమె పేరు సంపాదించే కొద్దీ పోలీసు ప్రియుడు ఉండటం ఇద్దరికీ భారమవుతుంది. ఒసావా ఆ సంబంధాన్ని తెంచడానికి తొందరపడలేదు, అలాగని పెళ్ళి చేసి ముగించనూ లేదు.

రెండో నవల 'దొకుజరు' 1991లో వచ్చింది, మొదటిదాన్ని మించి పరుగెత్తించే కథ. తైవాన్ నుంచి ఒక కిరాయి హంతకుడు తనను మోసం చేసిన బాస్‌ను చంపడానికి టోక్యో వస్తాడు. అతని వెనకే తైవాన్ డిటెక్టివ్ గువో సెలవు పెట్టుకుని సొంతంగా వస్తాడు. గువోకు జపాన్‌లో ఏ అధికారమూ లేదు. తన శాఖలో ఒంటరి అయిన సమెజిమా, పరాయి దేశంలో ఒంటరి అయిన గువో ఒకరినొకరు గుర్తుపడతారు. కథ ముగింపు షింజుకు గ్యోయెన్ తోటలో. అక్కడి చెరువు ఒడ్డున తైవాన్ పద్ధతిలో కట్టిన మండపం ఒకటి నిజంగానే ఉంది. 1927లో, తైవాన్ జపాన్ ఏలుబడిలో ఉన్నప్పుడు, అక్కడున్న జపనీయులు యువరాజు పెళ్ళికి గుర్తుగా ఇచ్చిన కానుక. టోక్యో నడిబొడ్డున తైవాన్ మనిషి తన ఊరి పైకప్పును చూసే చోటు అదొక్కటే. పోరాటానికి ఆ చోటును ఎంచుకోవడం ఎంత ఆలోచించి చేసిన పనో, ఆ మండపం చరిత్ర తెలిస్తే అర్థమవుతుంది.

ఇక్కడ ఒక అభ్యంతరం కూడా చెప్పుకోవాలి. 1990లలో జపాన్ పత్రికల్లో 'విదేశీ నేరగాళ్ళు' అనే భయం బాగా నడిచింది. ఒసావా నవలల్లోనూ తైవాన్ నుంచీ చైనా నుంచీ ఇతర దేశాల నుంచీ వచ్చిన ముఠాలు కనిపిస్తాయి. కబుకిచోలో ప్రమాదమంతా బయటి నుంచే వచ్చిందనే భావనకు ఈ పుస్తకాలు కొంత తోడయ్యాయని అనిపించక మానదు. అయితే గువో లాంటి మనిషిని, చైనాలో పెరిగి జపాన్ చేరి ఏ వైపూ కాకుండా పోయిన నామిని సృష్టించింది కూడా ఇదే రచయిత. ఆ ఇద్దరూ ఉన్న పేజీల్లో పాఠకుడి జాలి, గౌరవం ఎటు మొగ్గుతాయో అనుమానం అక్కర్లేదు.

ఐదో నవల ప్రత్యేకంగా చెప్పదగింది. అందులో సమెజిమాకు తోడు వచ్చేది పోలీసు కాదు, మొక్కల క్వారంటైన్ అధికారి. విదేశం నుంచి వచ్చిన ఒక పురుగు ప్యూపాలు షింజుకులో ఎక్కడో ఉన్నాయి, అవి పొదిగి బయటికొస్తే వరి పంట నాశనం. గడువు కొన్ని రోజులే. సుడిదోమ పడి పొలం ఎర్రబడిపోవడం చూసిన రైతు కుటుంబాల వాళ్ళకు ఆ టెన్షన్ వేరే చెప్పక్కర్లేదు. బాంబు పెట్టినా ఇంత భయం పుట్టదు.

సినిమా, టీవీ కూడా వెంటనే వచ్చాయి. 1993 సినిమాలో సనాదా హిరోయుకి సమెజిమాగా చేశాడు. జపాన్ ప్రజా ప్రసార సంస్థ ఎన్‌హెచ్‌కే టీవీలో తాచి హిరోషి చేశాడు. మొదటి నవల 2007లో ఇంగ్లీషులోకి వచ్చింది.

ఒసావా సొరచేప ఒక్కటే రాస్తూ కూర్చోలేదు. నవోకి తర్వాత కూడా వేరే హీరోలతో చాలా నవలలు రాశాడు. 2004లో షిబాతా రెన్‌జబురో పురస్కారం, 2014లో యోషికావా ఎయిజి పురస్కారం ఆ నవలలకే వచ్చాయి. 2005 నుంచి 2009 దాకా మిస్టరీ రచయితల సంఘానికి అధ్యక్షుడిగా ఉన్నాడు. మియాబే మియుకి, క్యోగోకు నత్సుహికో లాంటి పెద్ద రచయితల వ్యవహారాలు కూడా ఆయన ఆఫీసే చూస్తుంది. 2012లో కొత్త రచయితలకు చెప్పిన పాఠాలను పుస్తకంగా తెచ్చాడు. మొదటి పుస్తకం అచ్చయ్యాక రచయితగా ఎలా నిలబడాలన్నది అందులో పెద్ద భాగం. 28 సార్లు చివరి పేజీ చూసుకున్న మనిషి కాబట్టి ఆ విషయం మీద మాట్లాడే హక్కు ఆయనకు అందరికన్నా ఎక్కువ.

1990ల చివర్లో యోకోయామా హిదెయో లాంటివాళ్ళు పోలీసు శాఖలో సిబ్బంది విభాగం, ప్రెస్ విభాగం లాంటి బల్లల దగ్గర జరిగే కథలు రాసి పోలీసు నవలను కొత్త మలుపు తిప్పారు. శాఖే అసలు కథాస్థలం అన్న ఆలోచనకు దారి వేసింది మాత్రం సమెజిమా ఎవరికీ ఇవ్వని ఆ ఉత్తరమేనని ఒప్పుకోవాలి.

ఈలోగా సమెజిమా వెంటాడే లోకం కూడా మారిపోయింది. ముఠాల నియంత్రణ చట్టం 1992లో అమల్లోకి వచ్చింది. వాళ్ళతో ఎవరూ వ్యాపారం చేయకూడదనే నిబంధన టోక్యోలో 2011లో వచ్చింది. 1963లో 1,84,000 ఉన్న ముఠా సభ్యులు 2023 నాటికి దాదాపు 20,000కు పడిపోయారు. యాకుజా అనే ఆ పాత ముఠావాళ్ళు ముసలివాళ్ళయ్యారు, పేరూ ఆఫీసూ లేని కొత్త గుంపులు వచ్చాయి. నవలల మధ్య ఎడం కూడా పెరిగింది. మొదటి ఐదు నవలలు ఐదేళ్ళలో వస్తే, పదోది 2011లో, పదకొండోది 2019లో, పన్నెండోది 2022లో వచ్చాయి.

పదో నవలలో మొమొయి చనిపోతాడు. షో కూడా దూరమవుతుంది. ఇరవై ఏళ్ళుగా వెంట వచ్చిన పాఠకులకు అది చిన్న దెబ్బ కాదు. పదకొండో నవల మొదలయ్యేసరికి మొమొయి కుర్చీలో కొత్త హెడ్ కూర్చుని ఉంటుంది, కింది మెట్టు నుంచి ఎక్కి వచ్చిన మహిళా అధికారి. ఆమెకు సమెజిమా మీద కోపం లేదు, భయమూ లేదు. డిటెక్టివ్‌లు ఇద్దరిద్దరుగా వెళ్ళాలి, అది రూలు, మీకూ వర్తిస్తుంది అంటుంది. ఒక కుర్ర పోలీసును అతనికి జతగా వేస్తుంది. ముప్ఫై ఏళ్ళలో తన మీద కుట్ర చేసిన వాళ్ళందరినీ ఎదిరించిన సమెజిమా దగ్గర ఆ న్యాయమైన మాటకు జవాబు ఉండదు. కొత్త కుర్రాణ్ణి వెంటబెట్టుకుని కబుకిచో వైపు బయల్దేరతాడు.